చెంపదెబ్బ వీడియో నిజమే, తర్వాత?

2023 ఆగస్టు 25, శుక్రవారం. వరలక్ష్మీ వ్రతం. అంతకు రెండు రోజుల ముందే చంద్రయాన్-3 చంద్రుడి మీద దిగింది కాబట్టి పొద్దుట్నుంచీ ఫ్యామిలీ గ్రూపుల నిండా కలశాల ఫొటోలు, ఇస్రో వీడియోలే. సాయంత్రం మా ఫ్యాక్ట్‌చెక్ డెస్క్ వాట్సాప్ నంబరుకు ఒక పెద్దాయన ఓ వీడియో పంపారు. కింద ఒక్క లైను: "అమ్మా, ఇది నిజమేనా? మన దగ్గరేనా?"

టీచర్ కుర్చీలో కూర్చుని ఉంది. ఒక చిన్న పిల్లాడు నిలబడి ఏడుస్తున్నాడు. మిగతా పిల్లల్ని ఒక్కొక్కరినీ పిలిచి వాడిని కొట్టమంటోంది. మెల్లగా కొడితే గట్టిగా కొట్టమంటోంది. వీడియో తీస్తున్న మగమనిషి గొంతు వెనక నుంచి వినిపిస్తోంది. అంతా హిందీ.

వైరల్ వీడియోలు ఎలా చెక్ చేయాలో చెప్పమని జర్నలిజం విద్యార్థుల ముందు నిలబెట్టినప్పుడల్లా నేను ఈ కేసుతోనే మొదలుపెడతాను. నిజానికి ఇందులో చెకింగ్ చాలా తేలిగ్గా అయిపోయింది. తప్పు జరిగింది ఆ తర్వాత. చేసింది మేమే.

ఒక మాట ముందే చెప్పేస్తాను. ఉత్తరప్రదేశ్‌లోని ముజఫర్‌నగర్ జిల్లా అని రాస్తాను గానీ ఊరి పేరు, బడి పేరు, పిల్లాడి పేరు రాయను. వెతికితే రెండు నిమిషాల్లో దొరుకుతాయని తెలుసు. అయినా రాయను. ఎందుకో ముందుకు వెళ్తే తెలుస్తుంది.

మొదట అబద్ధమే అనుకున్నాం

హిందీ వీడియోలు మా డెస్క్‌లో నా వాటా. పాతబస్తీ పక్కన పెరిగిన దాన్ని కాబట్టి నాకు హిందీ బాగా వచ్చని అందరికీ నమ్మకం. మనం మాట్లాడే దక్కనీ వేరు, పశ్చిమ యూపీ పల్లె మాట వేరు. ఆ సంగతి మా ఎడిటర్‌కి ఎన్నిసార్లు చెప్పినా ఎక్కదు.

టీచర్, స్టూడెంట్ వీడియో అనగానే మాకు వచ్చే మొదటి అనుమానం: నాటకం. ఇది ఊరికే వచ్చిన అనుమానం కాదు. హిందీ ఫేస్‌బుక్ పేజీల్లో, యూట్యూబ్ ఛానళ్లలో ఇదొక పెద్ద దుకాణం. ట్యూషన్ మాస్టారు అమ్మాయి చెయ్యి పట్టుకోవడం, టీచర్ పేద పిల్లాణ్ని అవమానించడం, ఆ పిల్లాడి తండ్రి కలెక్టరై రావడం, ఇలాంటి చిన్న నాటకాలు తీసి 'సామాజిక జాగృతి కోసం' అని చివర్లో ఒకటి రెండు సెకన్లు చిన్న అక్షరాలతో వేస్తారు. కొందరు అదీ వేయరు, డిస్క్రిప్షన్‌లో ఏ మూలనో రాస్తారు. ఎవరో ఆ వీడియోను డౌన్‌లోడ్ చేసి, చివరి రెండు సెకన్లు కోసేసి వాట్సాప్‌లో వదులుతారు. డిస్క్రిప్షన్ ఎలాగూ వెంట రాదు. అక్కడి నుంచి ఇక అది నిజం. తెలుగులోకి వచ్చేసరికి దానికి మన జిల్లా పేరో, ఒక మతం పేరో తగిలి ఉంటుంది.

ఇలాంటివి పట్టుకోవడం అలవాటైతే కష్టం కాదు. క్లాసులో పిల్లలుగా కూర్చున్న వాళ్లకి పాతికేళ్లు ఉంటాయి. దొంగచాటుగా తీసిన వీడియో అంటారు గానీ మాటలు కాలర్ మైకు పెట్టినట్టు శుభ్రంగా వినిపిస్తాయి. ఏడవబోయే అమ్మాయి వైపు కెమెరా ముందే తిరిగిపోయి ఉంటుంది. బోర్డు మీద తేదీ ఉండదు. అన్నిటికన్నా మంచి గుర్తు నటులే. నిన్న టైలర్ షాపులో కొలతలు తీసుకుంటూ పట్టుబడ్డ మనిషి ఇవాళ హెడ్మాస్టరు వేషంలో కనిపిస్తాడు. నేను ఒకాయన్ని ముఖం చూసి గుర్తుపట్టేస్తాను, మా ఇంటి పక్కాయన్ని చూసినట్టు.

అందుకే ఆ సాయంత్రం కూడా ముందు ఆ గుర్తుల కోసమే చూశాను. ఒక్కటీ దొరకలేదు. కెమెరా ఒకేచోట నుంచి తీస్తోంది. గొంతులు ఒకదాని మీద ఒకటి పడుతున్నాయి. పిల్లలు నిజంగా పిల్లలు. కొట్టడానికి వచ్చిన వాళ్లలో ఒకరిద్దరు టీచర్ ముఖం చూసి, కొట్టి, వెంటనే తమ చోటుకి వెళ్లిపోతున్నారు. ఏ నటుడూ అలా వెళ్లడు. డైరెక్టర్ కట్ చెప్పేదాకా ఉంటాడు.

నిజమని తేలడానికి పట్టిన సమయం

వీడియోలు చెక్ చేసే ఇన్‌విడ్ అనే టూల్‌లో వేసి కీ ఫ్రేములు, అంటే ముఖ్యమైన దృశ్యాల ఫొటోలు తీశాం. గూగుల్ లెన్స్‌లో, యాండెక్స్‌లో వెతికితే పాత కాపీ ఏదీ దొరకలేదు. అంటే వీడియో కొత్తది. పాత వీడియోకి కొత్త కథ అతికించడం మా పనిలో రోజూ చూసేదే, కాబట్టి ఇది పెద్ద మెట్టు. 'టీచర్', 'థప్పడ్' (చెంపదెబ్బ) అని హిందీలో వెతికితే జిల్లా పేరు తేలింది. ముజఫర్‌నగర్ పోలీసుల ప్రకటన కూడా అప్పటికే ఎక్స్‌లో ఉంది. ఎక్కాలు నేర్చుకురాలేదని పిల్లాణ్ని తోటి పిల్లలతో కొట్టించారు. వీడియో నిజం. జరిగింది ముందురోజు, ఆగస్టు 24న. పెద్దాయన రెండో ప్రశ్నకి జవాబు: మన దగ్గర కాదు.

ఇరుక్కుపోయింది ఒక వాక్యం దగ్గర. టీచర్ మాటల్లో 'మొహమ్మడన్' అన్న పదం వస్తుంది. ఆ పిల్లాడు ముస్లిం. పోలీసు అధికారి చెప్పినదాని ప్రకారం, ముస్లిం పిల్లల తల్లులు చదువు పట్టించుకోకపోతే పిల్లల చదువు పాడైపోతుందన్నది ఆమె మాటల సారం. తర్వాత ఆ టీచర్ కూడా మాట్లాడింది. తాను వికలాంగురాలినని, లేచి కొట్టలేక పిల్లలతో కొట్టించానని, అది తప్పేనని ఒప్పుకుంటూనే, మతం ఉద్దేశం లేదని, వీడియోను కత్తిరించారని అంది. తెలుగు క్యాప్షన్లలో ఆ వాక్యం రెండు వైపులకీ వంగింది. ఒక రకం వాళ్లు ఆమె అనని మాటలు చేర్చారు. ఇంకో రకం వాళ్లు మతం ఊసే లేదన్నారు. నేను హెడ్‌ఫోన్స్ పెట్టుకుని చాలాసార్లు విన్నాను. అటూ ఇటూ మాటలు మింగేసినట్టున్న చోట మీరట్ వైపు పుట్టిన ఒక స్నేహితుడికి ఆడియో వినిపించాను. స్పష్టంగా వినపడింది మాత్రమే రాశాం, మిగతాది రాయలేదు. ఆ భాగం గురించి నాకు ఇప్పటికీ చింత లేదు.

రాత్రి తొమ్మిదిన్నరకి మా రిపోర్టు వెళ్లింది. 'నిజం' అని ముద్ర. పైన వీడియోలోంచి తీసిన ఒక ఫ్రేము. ఏడుస్తున్న పిల్లాడి ముఖం మసక చేశాం. ఊరి పేరు, బడి పేరు రాశాం. కింద ఒరిజినల్ పోస్టు లింకు ఇచ్చాం. మా వృత్తిలో ఆధారం చూపించకపోతే నేరం చేసినట్టే కదా.

ఫోన్

మర్నాడు పిల్లల కౌన్సెలర్‌గా పనిచేసే ఒకామె ఫోన్ చేసింది. వర్క్‌షాపుల్లో పరిచయం. కోపంగా ఏమీ మాట్లాడలేదు. ఒక్కో ప్రశ్న అడుగుతూ పోయింది.

"ముఖం మసక చేశారు సరే. ఊరి పేరు, బడి పేరు వేశారు. ఆ బడిలో కొట్టించుకున్న పిల్లాడు ఎవరో ఆ ఊళ్లో తెలియని వాళ్లుంటారా?"

ఉండరు.

"కింద లింకు ఇచ్చారు. నొక్కితే మసక లేని వీడియో వస్తుందా రాదా?"

వస్తుంది.

"మరి కొడుతున్న పిల్లల ముఖాలు?"

అక్కడ నేను నిజంగా ఆగిపోయాను. ఆ ఫ్రేములో ముగ్గురు పిల్లల ముఖాలు తేటగా ఉన్నాయి. మేం నలుగురం ఆ పేజీ చూశాం, ఎడిటర్ చూశారు, ఎవరికీ తట్టలేదు. మా కళ్లకి వాళ్లు పిల్లలుగా కనిపించలేదు. కొట్టినవాళ్లుగా కనిపించారు. పదేళ్లు కూడా నిండని పిల్లలు టీచర్ చెప్పింది చేశారు. పెద్దయ్యాక ఏదో ఒకరోజు వాళ్లు నెట్‌లో తమ ముఖం చూసుకుంటారు.

ఆమె చెప్పాకే చట్టం తీసి పూర్తిగా చదివాను. అంతకుముందు తెలుసనుకున్నాను. జువెనైల్ జస్టిస్ చట్టం, 2015లో సెక్షన్ 74. పేరు, చిరునామా, బడి, పిల్లల్ని గుర్తుపట్టడానికి పనికొచ్చే ఏ వివరమైనా బయటపెట్టకూడదు. ఆరు నెలల వరకు జైలు, లేదా 2 లక్షల రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. ఇది బాధితులకే అనుకునేదాన్ని. నేరానికి సాక్షులైన పిల్లలకీ వర్తిస్తుందని అందులోనే ఉంది. ఆ గదిలో కూర్చుని చూస్తున్న ప్రతి పిల్లా, పిల్లాడూ సాక్షే.

జాతీయ బాలల హక్కుల కమిషన్ అప్పటికే ఆ వీడియోను పంచుకోవద్దని కోరింది. అడిగాక తీసేసిన వాళ్లలో ఫ్యాక్ట్‌చెక్ వెబ్‌సైట్ ఆల్ట్ న్యూస్ సహ వ్యవస్థాపకుడు మహమ్మద్ జుబేర్ ఒకరు. ఆగస్టు 28న ఆయన మీద ఇదే సెక్షన్ 74 కింద యూపీ పోలీసులు కేసు పెట్టారు. అంతమంది చూపించిన వీడియోకి ఒక ఫ్యాక్ట్‌చెకర్ మీద కేసా అని మా రంగంలో చాలామందికి మండింది. నాకూ మండింది, ఇప్పటికీ అది సరైన కేసని అనుకోను. అయితే ఆ రాత్రి మా పాత పేజీ కాపీ తెరిచి చూసుకుంటే, ఆ సెక్షన్ చెబుతున్న పని మేమూ చేశామని ఒప్పుకోక తప్పలేదు. కోపం, సిగ్గు రెండూ ఒకేసారి రావచ్చని అప్పుడే తెలిసింది.

పేజీలో ఫ్రేము తీసేశాం, ఊరి పేరు, బడి పేరు, లింకు తీసేశాం. కింద సవరణ రాశాం. అప్పటికి ఎంతమంది చూశారో లెక్క ఉంది గానీ ఎంతమంది స్క్రీన్‌షాట్ తీశారో లెక్క ఎవరి దగ్గరా ఉండదు.

వీడియో లేకపోతే?

ఇంతవరకు చదివి 'ఐతే ఇలాంటి వీడియోలు ఎవరూ బయటపెట్టకూడదు' అనుకుంటే పొరపాటు. నేనూ కొన్నాళ్లు ఆ వైపు ఊగాను.

ఈ కేసులోనే చూడండి. పిల్లాడి తండ్రి మొదట ఫిర్యాదు చేయనన్నాడు. వీడియో దేశమంతా చూశాక ఫిర్యాదు వెళ్లింది. పోలీసులు ముందు నాన్ కాగ్నిజబుల్ రిపోర్టు (కోర్టు చెప్పందే దర్యాప్తు చేయలేని చిన్న నేరాలకి రాసేది) రాసి ఊరుకున్నారు. ఎఫ్ఐఆర్ అయ్యేసరికి సెప్టెంబర్ వచ్చేసింది. మహాత్మా గాంధీ మునిమనవడు తుషార్ గాంధీ సుప్రీంకోర్టుకు వెళ్లారు. సెప్టెంబర్ 25న జస్టిస్ అభయ్ ఎస్. ఓకా, జస్టిస్ పంకజ్ మిథల్ ధర్మాసనం ఈ ఆలస్యాన్ని గట్టిగా తప్పుపట్టింది. తండ్రి మతం గురించి చెప్పిన మాటలు ఎఫ్ఐఆర్‌లో ఎందుకు లేవని అడిగింది. సీనియర్ ఐపీఎస్ అధికారితో దర్యాప్తు చేయించమంది. పిల్లాణ్ని అదే బడికి పొమ్మనలేరు కాబట్టి వేరే బడి చూడమంది. ఆరోపణలు నిజమైతే అది రాష్ట్రం మనస్సాక్షిని కుదిపేయాల్సిన విషయమంది. విద్యాహక్కు చట్టం సెక్షన్ 17 బడిలో శారీరక దండననీ మానసిక వేధింపునీ 2010 నుంచే నిషేధిస్తోంది. చట్టం అన్నేళ్లుగా ఉన్నా కదలని యంత్రాంగం ఒక వీడియోకి కదిలింది.

ఇంకో కేసు అదే రాష్ట్రంలో మీర్జాపూర్‌ది. 2019 ఆగస్టులో ప్రభుత్వ ప్రాథమిక పాఠశాలలో పిల్లలు మధ్యాహ్న భోజనంలో రొట్టెలు ఉప్పుతో తింటుంటే పవన్ జైస్వాల్ అనే స్థానిక విలేకరి వీడియో తీశాడు. అది వైరల్ కాగానే అతని మీదే కుట్ర కేసు పెట్టారు. పత్రిక విలేకరి ఫొటో తీయాలి గానీ వీడియో ఎందుకు తీశాడని జిల్లా అధికారి మీడియా ముందు అడిగాడు. ప్రెస్ కౌన్సిల్ జోక్యం చేసుకుంది. చివరికి పోలీసులే అతని తప్పు లేదన్నారు. ఆ వీడియో లేకపోతే ఆ పిల్లల కంచంలో ఉప్పు సంగతి ఊరు దాటేది కాదు.

కాబట్టి 'తీయొద్దు' అన్నది జవాబు కాదు. తీసిన వీడియో ఎవరికి చేరాలన్నదే అసలు పేచీ. బడిలో పిల్లల మీద హింస కనబడితే పిల్లల హెల్ప్‌లైన్ 1098కి ఫోన్ చేయొచ్చు, పోలీసులకు, జిల్లా బాలల సంరక్షణ విభాగానికి ఒరిజినల్ ఫైలు ఇవ్వొచ్చు, విలేకరికి ఇవ్వొచ్చు. వాళ్లకి ముఖాలు కావాలి. కరీంనగర్‌లోనో కాలిఫోర్నియాలోనో ఫోన్ చూసుకుంటున్న మనకి వాటితో పనేమీ లేదు. అక్కడ ఏం జరిగిందో నాలుగు వాక్యాల్లో చదివితే చాలు.

సరదా వీడియోల్లోనూ ఇదే పేచీ ఉంది, ఎవరికీ కనపడదంతే. భద్రాచలం దాటి చింతూరు, కుంట మీదుగా వెళ్తే వచ్చే ఛత్తీస్‌గఢ్ సుక్మా జిల్లాలో 2019లో ఒక టీచర్ తన క్లాసు పిల్లాడు పాడుతుంటే వీడియో తీశాడు. రెండేళ్ల తర్వాత, 2021 జులైలో అది దేశమంతా మోగింది. 'బచ్‌పన్ కా ప్యార్' సహదేవ్ దిర్దో అంటే ఇప్పటికీ గుర్తుపడతారు. ముఖ్యమంత్రి పిలిచి సన్మానించారు, ర్యాపర్ బాద్‌షా పిలిచి కలిసి పాట చేశాడు. మంచే జరిగింది, సంతోషం. కానీ ఆ రెండేళ్ల నిద్ర నన్ను వదలదు. క్లాసులో సరదాగా తీసిన వీడియో ఏ రోజు లేస్తుందో తీసిన మాస్టారికీ తెలియదు. ఆ పిల్లాడికి పాట వచ్చింది. ఇంకో పిల్లాడికి నత్తి ఉంటే?

ఇప్పుడు మేం చేస్తున్నది

రూల్స్ అని గోడకి అంటించలేదు, అలవాట్లు మారాయి. ఇప్పుడు ఇలాంటి వీడియో రాగానే మొదటి పని నిజమో కాదో చూడటం కాదు, మా సొంత గ్రూపులో దాన్ని ఫార్వర్డ్ చేయకుండా ఆపడం. ఒకరే డౌన్‌లోడ్ చేస్తారు, తాళం వేసిన ఫోల్డర్‌లో పెడతారు. ముఖాలన్నీ, యూనిఫాం మీద బడి పేరు, గోడ మీద రాతలు మసకచేసిన కాపీ మీదే మిగతావాళ్లు పనిచేస్తారు. రిపోర్టులో ఫ్రేము బదులు దృశ్యాన్ని మాటల్లో రాస్తాం. నిజమైన వీడియోకి లింకు ఇవ్వం. నాటకమైతే ఇస్తాం, ఎందుకంటే అక్కడ చివరి రెండు సెకన్ల అక్షరాలు పాఠకుడు తన కళ్లతో చూడాలి. చూపిస్తే క్లిక్కులు ఎక్కువొస్తాయని మాకూ తెలుసు. నెలాఖరు మీటింగులో ఆ అంకెలు చూసి మా ఎడిటర్ నిట్టూర్చడం నాకు వినపడుతూనే ఉంటుంది.

గొంతు సంగతి ఇంకా తేలలేదు. ముఖం మసక చేసి ఏడుపు వినిపించడం సగం పనే. కానీ ఆడియో తీసేస్తే, ముజఫర్‌నగర్ వీడియోలో వివాదమంతా ఉన్న ఆ ఒక్క వాక్యాన్నే తీసేసినట్టవుతుంది. ఇప్పటికి టీచర్ మాటలు అక్షరాల్లో పెట్టి, ఆడియో ఆపేస్తున్నాం. ఇంతకన్నా మంచి దారి తెలిసినవాళ్లు చెప్తే నేర్చుకుంటాను.

సవరణ వేశాక ఆ మొదటి పెద్దాయనకి జవాబు పంపాను. నిజమే, మన దగ్గర కాదు, దయచేసి ఎవరికీ పంపకండి అని. "నేను ఎవరికీ పంపలేదమ్మా, అల్లుడికి, రెండు గ్రూపులకి మాత్రమే" అన్నారు. నవ్వాలో ఏడవాలో తెలియలేదు. గ్రూపుల్లో డిలీట్ చేయడం ఎలాగో ఫోన్‌లో చెప్పబోతే, అందరికీ డిలీట్ చేసే గడువు దాటిపోయి ఉంది.

టీచర్లకి వర్క్‌షాపులు చేయడం అప్పుడే మొదలైంది. మన రెండు రాష్ట్రాల్లోనూ ఫోన్ క్లాసులోకి వచ్చింది సరదా కోసం కాదు. హాజరు, మధ్యాహ్న భోజనం, ఇలా ఏదో ఒకటి యాప్‌లో ఎక్కించడం టీచర్లకి రోజువారీ పని. అదే ఫోన్‌లో వాట్సాప్, అదే ఫోన్‌లో ఇన్‌స్టా. ఒక వర్క్‌షాపులో మీ గ్యాలరీలో పిల్లల ఫొటోలు ఎన్ని ఉన్నాయో చూడండి అన్నాను. కాసేపు ఎవరూ మాట్లాడలేదు. తర్వాత వెనక వరుసలో ఒక సీనియర్ మేడం అడిగింది: "వేమన పద్యం బాగా చెప్పిన పిల్ల వీడియో స్టేటస్ పెట్టుకోవచ్చా?" తల్లిదండ్రుల్ని అడిగారా అన్నాను. "వాళ్లు సంతోషిస్తారు మేడం." పిల్లని? ఆవిడ ఆలోచించి, "అడగలేదు. అడిగితే వద్దనదు, నేను టీచర్ని కదా" అంది. ఆ హాల్లో నేను చెప్పబోయే మాట ఆవిడే చెప్పేసింది.

2024 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఈ కేసులో మళ్లీ యూపీ ప్రభుత్వాన్ని మందలించింది. టాటా ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సోషల్ సైన్సెస్ ఇచ్చిన నివేదికలో దెబ్బలు తిన్న పిల్లాడికే కాదు, కొట్టిన పిల్లలకీ చూస్తూ కూర్చున్న పిల్లలకీ కౌన్సెలింగ్ ఇవ్వాలని ఉంది. అది సరిగ్గా జరగలేదని కోర్టు తప్పుపట్టింది. ఆ వార్త చదివి మా కౌన్సెలర్‌కి పంపాను. ఆమె ఏమీ రాయలేదు, బొటనవేలు గుర్తు పెట్టింది.

ఆ వీడియో అసలు కాపీ ఇప్పటికీ మా ఫోల్డర్‌లో ఉంది. రిపోర్టుకి ఆధారం కాబట్టి ఉంచాలని ఎడిటర్, చెరిపేయమని కౌన్సెలర్. ఇద్దరి మాటా సబబుగానే ఉంది. పాస్‌వర్డ్ నా దగ్గర ఉంది. ఇది రాయడానికి దాన్ని తెరవలేదు. మొదట్లో వర్ణించిన దృశ్యం నాకు గుర్తున్నంత మేరకే రాశాను.